పురుగును అడగమను

కోడలు రంజిత మా ఇంటికి వచ్చి రెండేండ్లయింది. ఆ రెండేండ్లలో నేను ఆమెతో నేరుగా ఒక్క మాట ఆడింది లేదు. ఆమె నా ఎదురుగానే చెంబు పట్టుకొని నిలబడి ఉంటుంది. నేను పక్కకు తిరిగి, నా భార్య అక్కయమ్మతో, నీళ్ళు ఆడ పెట్టి పొమ్మను అంటాను. అక్కయమ్మ తిరిగి చెప్పదు, చెప్పే పని లేదు గదా. రంజిత చెంబు పెట్టి పోతుంది. మా ఇంట్లో మాట అట్ల మలుపు తిరిగి పోయేది.

కారణం దాచిపెట్టేదేమీ కాదు. మా కొడుకు నాగరాజు చింతామణిలో మోటార్లు రిపేరి చేసే షెడ్డుకు పనికి పోతా, ఆ వీధిలోనే అంగడి పెట్టుకొన్నోళ్ళ బిడ్డను రిజిస్టర్ పెండ్లి చేసుకొని, సాయంత్రం బస్సుకు పిలుచుకొని వచ్చినాడు. మా ఊరు దిబ్బూరహళ్ళి బస్‌స్టాండులో ఉన్నోళ్ళంతా చూసినాక నేను చూస్తిని. ఆమె ఎమ్మెస్సీ చదివినాదంట. నేను మూడో తరగతిలో బడి మానేసి పురుగులు మేపే తట్టలు కడగను పోయినోణ్ణి. యాభై ఏండ్లుగా రేష్మె పురుగులు, అదే పట్టుపురుగులు, మేపుతా ఉండాను. నాకు తెలిసింది అదొక్కటే. మాట్లాడేది మొదట్నుంచీ తక్కువ. పురుగుల ఇంట్లో మాటతో పని లేదు.

అది రెండు వేల ఐదు, వానకాలం. అంతకు ముందు నాలుగేండ్లు ముఖం చాటేసిన వాన ఆ ఏడు వచ్చి, పోనంటే పోనని కూర్చొన్నాది. రంజిత అప్పటికి చింతామణిలో ఒక ప్రైవేటు కాలేజీలో గెస్ట్ లెక్చరర్‌గా పోతాండాది. గెస్ట్ అంటే ఏమని అక్కయమ్మ అడిగితే, ఎప్పుడు పొమ్మంటే అప్పుడు పోవాల్సినోళ్ళు అత్తా అని నవ్వింది. ఆ మాట విని నాకు లోపల చల్లగా ఉండింది.

ఆ ఏడు కాలేజీ వాళ్ళు పల్లె పిలకాయల కోసం రేష్మె పని మీద ఒక కోర్సు పెట్టాలనుకొన్నారు. సిలబస్ రాసే పని రంజితకు ఇచ్చినారు. పన్నెండు మందిని పెట్టుకొని ఒక పంట నడిపి చూపించాల. నవంబరులో యూనివర్సిటీ వాళ్ళు వచ్చి చూస్తారు. వాళ్ళు ఒప్పుకొంటే కోర్సు నిలుస్తాది, దాంతో రంజిత ఉద్యోగమూ నిలుస్తాది. ఒప్పుకోకపోతే రెండూ పోతాయి. ఇదంతా నాగరాజు వంటింట్లో వాళ్ళమ్మకు గట్టిగా చెప్పినాడు, నాకు వినపడాలని. వినపడింది. పోతే బాగుండునని అనుకొంటిని. పొద్దున్నే సంచి తగిలించుకొని వీధి వీధంతా చూస్తుండగా నా గడప దాటి పోయే ఆ నడక ఆగిపోవాలని నేను కోరుకొంటిని. అబద్ధం రాయడం ఏమిటికి.

ఆదివారాలు ఆమె వసారాలో చాప పరుచుకొని కాగితాలు ముందర వేసుకొని కూర్చొనేది. రాసేది, కొట్టేసేది. నేను వసారా చివర్లో కూర్చొని చంద్రికలు బాగు చేస్తా ఉంటాను. చంద్రిక అంటే వెదురు చాప మీద వెదురు బద్దలు చుట్టలు చుట్టలుగా కట్టింది, పురుగు గూడు కట్టేది దాని మీదనే. చేతులు బద్దల మీద ఉన్నా చెవులు ఊరికే ఉండవు గదా. పాత పుస్తకంలో రెండు నెలలు చదువే ఉండాదంట, రేష్మె ఏ దేశంలో పుట్టింది, పురుగుది ఏ జాతి, ఏ కుటుంబం అని. పురుగు ముఖం చూసేది మూడో నెలలో. నాగరాజుతో చెప్తాండాది, ఆ రెండు నెలల్లోనే సగం మంది రావడం నిలిపేస్తారని. వచ్చే పిలకాయలంతా పురుగులు మేపే ఇండ్లోళ్ళే. చేతికి పని తెలుసు, అట్ల ఎందుకు చేయాలో తెలీదు. తెలిసినదాని నుంచి మొదలుపెడితే తెలీనిదాని తావకు వాళ్ళే నడిచొస్తారు. అందుకని మొదటి దినమే పురుగుల ఇల్లు, ఆ తర్వాత పుస్తకం. మార్కులన్నీ కడాకు పెట్టే మూడు గంటల పరీక్షకే కాదు, దినమూ చూసింది రాసే నోట్‌బుక్కుకు సగం. ఆ రాసేది గూడా తెలుగో కన్నడమో, ఏది వస్తే దాంట్లో.

నాకు బాగా గుర్తుండాది, ఆ దినం వెదురు బద్ద నా వేలు కోసింది. ఆమె చెప్పిందాంట్లో తప్పు ఒక్కటీ దొరకలేదు. అందుకే ఎక్కువ మండింది.

ప్రిన్సిపాల్ వెంకటేశప్ప ఒకసారి మా ఊరికి జీపులో వచ్చినాడు. బూట్లు విప్పకుండా పురుగుల ఇంట్లోకి పోబోతే రంజితే అడ్డం నిలబడింది. ఆయనకు అక్కడే సగం కోపం వచ్చింది. మిగతా సగం కాగితాలు చూసినాక వచ్చింది. వాకిట్లో నిలబడి కాగితాన్ని వేలితో కొడతా చెప్పినాడు.

"అమ్మా, సిలబస్ అనేది యూనివర్సిటీ కోసరం రాసేది. పిలకాయల కోసరం కాదు."

రంజిత కాగితాలు మడిచి సంచిలో పెట్టుకొన్నాది. అక్కయమ్మ కాఫీ తెచ్చిస్తే నేను నా చేత్తో ఆయనకు అందిస్తిని. మా ఇంటికి వచ్చినోళ్ళకు నేను కాఫీ అందించింది అదే మొదలు. అక్కయమ్మ నా వైపు అదోలా చూసింది.

ఆయన పట్టుబట్టింది ఒక్కదాని మీద. ఏ వారం ఏ పని, ఏ తారీఖు ఏ పాఠం అని పట్టీ ఉండాల్సిందే. అది లేకుంటే యూనివర్సిటీ వాళ్ళు కాగితం గూడా తెరవరు. రంజిత దానికి తల వంచింది.

తారీఖులు వేయాలంటే పురుగు లెక్క తెలియాల. పురుగు గుడ్డులోంచి వచ్చినప్పటి నుంచి గూడు కట్టే వరకు నాలుగు సార్లు తోలు మారుస్తాది. మా పక్క దాన్ని జ్వరం అంటారు. ఒకటో జ్వరం, రెండో జ్వరం అట్ల. జ్వరం వచ్చిన పురుగు మేయదు, కదలదు. తల పైకెత్తుకొని దండం పెట్టినట్టు నిలిచిపోతాది. అప్పుడు సున్నం చల్లి, తట్ట పొడిగా ఉంచి, ఊరికే ఉండాల. కడా పురుగు తోలు విడిచి లేచేవరకు ఒక్క ఆకు వేయకూడదు. ముందు లేచినవి ఆకలితో తిరుగుతాయి, పూట ఆగితే వాటికేమీ కాదు. వాటి మీద జాలిపడి ఆకు వేస్తే, లేచినవి మేసి ముందుకు పోతాయి, లేవనివి ఆకు కింద చిక్కుకొని మగ్గిపోతాయి. తట్టలో పురుగంతా ఒక్క ఈడుగా ఉంటేనే పంట. ఈ పని మా అమ్మ నాకు నేర్పింది. నోటితో కాదు, ఆకు ఎత్తిన చేయి మీద ఒకటి వేసి.

నాలుగో జ్వరం పెద్దది. అది ఎప్పుడు విడుస్తాదనేది చలిని బట్టి, తేమను బట్టి మారిపోతాది. ఒక సాయంత్రం నేను తట్టలు కడుగుతా ఉంటే రంజిత వచ్చి నిలబడింది. చేతిలో పట్టీ, పెన్ను.

"మామా, మన ఇంట్లో నాలుగో జ్వరం ఎన్నో దినానికి విడుస్తాది?"

నేరుగా అడిగింది. అక్కయమ్మ పక్కన ఆకు కత్తిరిస్తాండాది. నేను తట్ట మీదనుంచి తల ఎత్తకుండా అక్కయమ్మతో అంటిని.

"పురుగును అడగమను."

అక్కయమ్మ కత్తి ఆపింది. రంజిత లోపలికి పోయి, పుస్తకంలో ఉన్న దినమే పట్టీలో రాసుకొన్నాది.

అక్టోబరులో పన్నెండు మందీ దిగినారు. ఎనిమిది మంది మొగ పిలకాయలు, నలుగురు ఆడబిడ్డలు. మా ఇంట్లో ముప్పై తట్టలుంటే పది కాలేజీకి విడిచి పెట్టమని నాగరాజు వాళ్ళమ్మతో నన్ను అడిగించినాడు. నేను ఊ అనలేదు, ఊహూ అనలేదు. దాన్నే ఒప్పుకోవడం అనుకొన్నారు. మొదటి దినం పిలకాయలు గడపలో గుంపుగా నిలబడి ఉంటే, నేను అక్కయమ్మతో వాళ్ళకు వినపడేటట్టు అంటిని, చెప్పులు బయట విడిచేది గూడా సిలబస్‌లో రాసినారేమో చూడమను అని. పిలకాయలు కిసుక్కున నవ్వినారు. రంజిత గూడా నవ్వింది. మరుసటి వారం తలుపుకు అంటించిన పట్టీలో అన్నిటికన్నా పైన కొత్తగా ఒక వరస కనబడింది. అక్షరం అక్షరం కూడబలుక్కొని చదివితిని. చెప్పులు బయట విడవాల, చేతులు కడగాల. ఎందుకో ఒక్కొక్కరు ఒక్క కారణం రాయాల.

నేను ఎగతాళికి అన్నదాన్ని తీసుకొనిపోయి పాఠం చేసుకొన్నాది. నాకు చెంప మీద కొట్టినట్టు అనిపించింది.

వాళ్ళల్లో మిట్టేమరి ఊరి బిడ్డ ఒకటి ఉండాది, శృతి అని. మాట గరుకు, చూపు గట్టి. ఎవరు ఏం చెప్పినా ఎందుకు అంటాది. హాస్టల్‌లో ఉండి చదువుకొంటాది. దినమూ మొదట తట్టల తావకు వచ్చేదీ, కడాకు పోయేదీ ఆ బిడ్డే. రెండో జ్వరం అప్పుడు పురుగులు చచ్చిపోయినాయేమో అని ఒక మొగపిల్లవాడు భయపడితే, మీ అమ్మ మేపేటప్పుడు నువ్వు యాడ చూస్తాంటివి, పక్కింట్లోనా అని వాడి పరువు తీసింది. వాడు ఆ దినం నోట్‌బుక్కులో రెండు పేజీలు రాసినాడంట. మూడో జ్వరం గూడా పట్టీలో రాసిన దినానికే విడిచింది. రంజిత ముఖంలో వెలుగు చూసి నాకు అన్నం రుచించలేదు.

తర్వాత ముసురు పట్టింది. నాలుగు దినాలు ఎండ లేదు. మంగళవారానికి పట్టాల్సిన నాలుగో జ్వరం మంగళవారం పట్టలేదు. చలికి పురుగు ముడుచుకొని నిదానంగా మేసి, బుధవారం మధ్యాహ్నానికి తల ఎత్తింది. ఆ చలికి శుక్రవారం పొద్దున వరకు అంతా లేవదు. నాకు తెలుసు. అక్కయమ్మకూ తెలుసు.

పట్టీలో మాత్రం గురువారం అని ఉండాది. గురువారం, నాలుగో జ్వరం విడిచినాక మొదటి మేత.

ఆ గురువారం రంజిత మా ఇంట్లో లేదు. యూనివర్సిటీకి పంపాల్సిన కాగితాలని ప్రిన్సిపాల్ పొద్దున్నే పిలిపించుకొన్నాడు. ఆమె దారిలో శిడ్లఘట్ట బస్‌స్టాండులో పిలకాయలకు ఎదురుపడి, మీరు పదండి, అనుమానం వస్తే మామను అడగండి అని చెప్పి పోయిందంట. అక్కయమ్మ ఊరి అవతల ఆకు తోటలో ఉండాది. నేను గడప మీద చంద్రిక ముందర వేసుకొని కూర్చొని ఉంటిని.

పిలకాయలు చెప్పులు విడిచినారు, చేతులు కడిగినారు. ఇంటి వెనక మడిలో ఆకు కోసుకొని వచ్చినారు. వానలో తడిసిన ఆకు. విదిలించినారు గానీ తడి పోలేదు. శృతి తట్ట మీదికి వంగి చానాసేపు చూసింది. పక్కనున్న పిల్లతో చెప్తాండాది, కొన్నే తిరుగుతాండాయి, మిగిలినవి ఇంకా తల ఎత్తుకొనే ఉండాయి చూడు అని. ఆ పిల్ల పట్టీ చూపించింది. మొగ పిలకాయలు బస్సు పోతాదని తొందరపెట్టినారు. శృతి గడప తావకు వచ్చి నిలబడింది.

"తాతా, ఆకు వేయొచ్చా?"

నేను బద్దను బిగిస్తా ఉంటిని. బిగించేది అయిపోయినా బిగిస్తానే ఉంటిని.

"మీ చీటీలో ఏమి రాసి ఉండాదో అదే చేయండి."

అంతే నేను చెప్పింది. ఆ పంట కాలమంతటికీ నేను ఆ పిలకాయలతో ఆడిన మొదటి మాట అది. శృతి ఇంకొంచెంసేపు నిలబడింది, ఇంకేమైనా చెప్తానేమో అని. తర్వాత లోపలికి పోయింది. పచ్చి ఆకు మీద సన్నగా చప్పుడు మొదలయింది, లేచిన కొన్ని పురుగులు మేసే చప్పుడు. పది తట్టలకూ వేసినారు. మిగిలిన ఇరవైకి వేయాల్నా అని ఒకడు అడిగితే, అవి తాతవి అని ఇంకొకడు చెప్పినాడు. వాళ్ళు పోయినాక నేను లోపలికి పోయి ఆకు తీసేయొచ్చు. వేసి గంట గూడా కాలేదు. నేను పోలేదు.

అక్కయమ్మ తోట నుంచి వచ్చి తట్టలు చూసింది. ఆకు గంప కింద పెట్టి, కొంగుతో చేతులు తుడుచుకొని, నా ముందర నిలబడింది.

"నువ్వు ఈడనే ఉంటివి గదా. నీ నోరు యాడ పోయింది?"

ఆమె ఆకు తీయబోయింది గానీ, అప్పటికే పురుగులు ఆకుకు అతుక్కొని ఉండాయి. లాగితే పాతిక తెగుతాయి, లాగకుంటే ఇంకా ఎక్కువ పోతాయి. ఆమె ఒక్కతే సాయంత్రం దాకా వంగి ఏరుతానే ఉండాది. నన్ను రమ్మని అడగలేదు.

ఐదు దినాలు కాకముందే కనబడిపోయింది. ఒకే తట్టలో వేలెడు పురుగు, దాని పక్కన చీపురుపుల్ల మాదిరి పురుగు. ఆ తర్వాత ఒళ్ళు ఉబ్బింది, తాకితే తోలు పగిలి పాల మాదిరి కారింది. మా పక్క పాలరోగం అంటారు. అది పది తట్టల తావ ఆగితే నాకు సంతోషంగానే ఉండేదేమో. ఆగలేదు. అదే స్టాండు, అదే గాలి, అదే తేమ. నా ఇరవై తట్టల్లోకీ వచ్చింది. కాలేజీ తట్టలు, నా తట్టలు అని అది చూడలేదు. నేనే చూసింటిని.

రంజిత పిలకాయలను వాకిట్లో నిలబెట్టింది. నేను గుంత తవ్వుతా ఉంటిని, కుళ్ళిన పురుగును పూడ్చిపెట్టాల గదా. ఏ పూట ఏమి చేసినారో వరసగా చెప్పమన్నాది. ఒక్కొక్కరూ చెప్పినారు. శృతి వంతు వచ్చింది. ఆ బిడ్డ నా వైపు తిరిగి చూడలేదు. నేల చూస్తా చెప్పింది, లేవలేదని నాకు అనుమానం వచ్చింది మేడమ్, తాతను అడిగితిమి, చీటీలో ఉండేది చేయమన్నాడు అని.

నా చేతిలో పార ఆగింది. రంజిత నన్ను చూసింది. ఆ రెండేండ్లలో ఆమె నన్ను అంతసేపు చూసింది అదొక్కసారే. తిడుతుందనుకొంటిని. తిడితే నాకు గూడా మాట దొరికేది.

"తారీఖు రాసింది నేను. అది ఒక తప్పు. పురుగును కండ్లతో చూసి గూడా కాగితాన్ని నమ్మినారు, అది మీ తప్పు. నోట్‌బుక్కుల్లో ఈ రెండూ రాయండి."

"తాత చెప్పింది?" అని శృతి అడిగింది.

"అది రాయొద్దు. అది మన సిలబస్‌లో లేదు."

తర్వాత పిలకాయలందరి చేతా గుంతలోకి పురుగు పోయించింది, సున్నం చల్లించింది. తాను గూడా తట్టలు మోసింది. ఒక తట్టకు ఒక చివర ఆమె, ఇంకో చివర నేను పట్టుకోవాల్సి వచ్చింది. వాకిలి ఇటు చివర నుంచి అటు చివరకు మోసుకొనిపోతిమి.

ఆ సాయంత్రం అన్నం తావ నాగరాజు అడిగినాడు, ఎట్లయింది ఇట్ల అని. నేను కలిపిన ముద్ద చేతిలోనే పెట్టుకొని ఉంటిని. రంజిత, పట్టీలో తారీఖు నాది అని చెప్పి పులుసు వడ్డించింది. మొదట నాకే వడ్డించింది. ఆమె నన్ను కాపాడలేదు. నా తప్పును నాకే విడిచిపెట్టింది, మోసుకోమని.

నవంబరులో యూనివర్సిటీ వాళ్ళు ముగ్గురు వచ్చినారు. ప్రిన్సిపాల్ ముందే చేతులు కడిగేసుకొని వచ్చినాడు. జీపు దిగతానే వాళ్ళతో, మేము ముందే చెప్పినాము సార్, ఆమె వినలేదు అంటాండాడు. చూపించడానికి ముప్పై తట్టల పంటకు మూడు చంద్రికలే మిగిలినాయి. గూళ్ళు గూడా ఒకటి పెద్దది, ఒకటి చిన్నది. వచ్చినోళ్ళలో పెద్దాయన, కండ్లద్దాలాయన, ఒక గూడు చేతిలోకి తీసుకొని వేళ్ళతో నొక్కి, మళ్ళా పెట్టేసినాడు.

రంజిత వాళ్ళ ముందర పన్నెండు నోట్‌బుక్కులు పెట్టింది. దాని పక్కన కొత్త సిలబస్. తారీఖులన్నీ కొట్టేసి ఉండాయి. కండ్లద్దాలాయన పేజీలు తిప్పి, దీంట్లో పరీక్ష ఎప్పుడు, పాఠం ఎప్పుడు అని అడిగినాడు. పురుగు ఎప్పుడు లేస్తే అప్పుడు సార్ అని రంజిత చెప్పింది. ప్రిన్సిపాల్ పక్కకు తిరిగి నవ్వినాడు. కండ్లద్దాలాయన మాత్రం నవ్వలేదు. శృతిని పిలిచి, జ్వరం విడిచినాక మేత ఎప్పుడు వేస్తావమ్మా అని అడిగినాడు. కడాది లేచినాక సార్ అన్నాది. ఎందుకు అంటే, ముందు లేచినవాటికి ఆకలి మాత్రమే సార్, వెనకవాటికి ప్రాణం అన్నాది. పంట ఎందుకు పోయిందో పన్నెండు మందీ పుస్తకం చూడకుండా చెప్పినారు. మూడేండ్లు చదివినోళ్ళు గూడా ఇట్ల చెప్పరు అని ముగ్గురిలో ఒకాయన గొణిగినాడు.

తర్వాత కండ్లద్దాలాయన సిలబస్ కడా పేజీకి వచ్చినాడు. పని నేర్పే రైతు ఎప్పుడూ పక్కన ఉండాల అని రాసి, కింద పేరు రాసి ఉండాది. గంగప్ప, చదువు మూడో తరగతి. ఆమె నా పేరు రాస్తాదని నేను కలలో గూడా అనుకోలేదు. ఆయన నన్ను పిలిచినాడు.

"ఏమప్పా, పిలకాయలకు నువ్వు చెప్తావంట గదా. ఏమి చెప్తావు?"

నేను గోడకు ఆనుకొని నిలబడి ఉంటిని. అక్కయమ్మ తలుపు తావ ఉండాది. నాగరాజు షెడ్డుకు సెలవు పెట్టి వచ్చినాడు. రంజిత కాగితం వైపే చూస్తాండాది, నా వైపు కాదు.

"ఆ దినం నేను ఈ గడప మీదనే ఉంటిని స్వామీ. పురుగు లేవలేదని నాకు తెలుసు. ఆ బిడ్డ వచ్చి అడిగింది. నేను చెప్పలేదు. చీటీలో ఉండేది చేయమంటిని, పంట పోవాలనే. చెప్పేవాణ్ణి పెట్టుకొనేటప్పుడు, వాడు చెప్తాడా చెప్పడా అని గూడా చూసి పెట్టుకోండి."

ఒకే సారి అంత మాట్లాడింది నా బతుకులో లేదు. నాగరాజు నా వైపు ఒక అడుగు వేసి, ఆగి, వాకిట్లోకి పోయినాడు. వాడు నాతో నెల దినాలు మాట్లాడలేదు. మాట్లాడాల్సి వస్తే వాళ్ళమ్మ పక్కకు తిరిగి చెప్పేవాడు.

వాళ్ళు ముగ్గురూ వసారాలో అరగంట మాట్లాడుకొన్నారు. కోర్సుకు ఒక సంవత్సరం ఇస్తామన్నారు. తారీఖులు లేని పట్టీ ఉంచుకోవచ్చు, కానీ ఆ రైతు పేరు మార్చాల అన్నారు. రంజిత అక్కడే పెన్ను తీసి నా పేరు కొట్టేసింది. ఒక్క గీత, అడ్డంగా. దాని పక్కన అక్కయమ్మ అని రాసింది. ప్రిన్సిపాల్ వంగి చూసి, ఆమెకు చదువు రాదు కదమ్మా అన్నాడు.

"ఆమెకు నోరు ఉండాది సార్."

అది నాకు చెప్పిన మాట. ఆయనకు కాదు.

మళ్ళా పంట మాఘమాసంలో పెట్టితిమి. ఇల్లంతా బ్లీచింగ్ నీళ్ళతో కడిగి, తట్టలు ఎండబెట్టి, గోడలకు సున్నం కొట్టి. అక్కయమ్మ తట్టల మధ్య నిలబడి పిలకాయలకు పని చెప్తాది. ఆకు ఎత్తిన చేతుల మీద కొట్టను గూడా వెనకాడదు. నేను తోట నుంచి ఆకు మోస్తాను, బద్దలు కడతాను. పన్నెండు మంది ఈ సారి ఇరవై మంది అయినారు. శృతి పాతోళ్ళ లెక్కలో కొత్తోళ్ళకు పెత్తనం చేస్తాది.

తలుపుకు కొత్త పట్టీ అంటించినారు. దాంట్లో తారీఖులు లేవు. చెప్పుల వరస అట్లనే ఉండాది. కింద నాలుగో జ్వరం తావ ఒకే ఒక్క వరస, పెద్ద అక్షరాలతో. వేలు పెట్టి చదివితిని, రెండుసార్లు చదివితిని. పురుగును అడగండి అని ఉండాది.

నాలుగో జ్వరం పట్టిన రెండో దినం అక్కయమ్మ ఏదో చావుకు గూళూరుకు పోయింది. రంజిత బస్సుకు తయారై, సంచి భుజానికి తగిలించుకొని వచ్చి, పురుగుల ఇంటి గడప బయట నిలబడింది. పిలకాయలు ఆకు గంపలు దింపుకొని ఆమె వెనక నిలబడినారు. లోపల నేనొక్కణ్ణే ఉంటిని. పక్కకు తిరిగి చెప్పడానికి ఎవరూ లేరు.

"మామా, లేచినాయా?"

నేను తట్ట లాగి వెలుతురుకు పెట్టుకొని వంగితిని. చానా మటుకు తిరుగుతాండాయి, ఆకలితో తట్ట అంచులు ఎక్కుతాండాయి. మూలలో ఒక గుప్పెడు ఇంకా తల ఎత్తుకొని ఉండాయి. ఇంకో తట్ట లాగి చూస్తిని, ఇంకోటి చూస్తిని. ఆమె బస్సు హారన్ వినపడింది. ఆమె కదల్లేదు.

"ఇంకా లేదమ్మా" అంటిని.

ఆమె గంపల మీద గోనెపట్ట కప్పమని పిలకాయలకు చెప్పి, బస్సుకు పోయింది.